ఊపిరికి వదిలిన చోటు

మా పాప బళ్ళో ఇచ్చిన బొమ్మ వేయడానికి రంగు సీసా మూత తీసింది. ఆ జిగురు వాసనకి నా మాట సగంలో ఆగిపోయింది. వాగుడుకాయనని పేరుపడ్డ నన్ను ఆపగలిగింది కనకక్క ఒక్కతే. పోయాక కూడా ఆపుతూనే ఉంది.

జగ్గయ్యపేటలో వాళ్ళది కిరాణా కొట్టు. ఎండుమిర్చి బస్తాల వెనక గదిలో కూర్చుని అక్క ఊరి కేబుల్ టీవీకి ప్రకటనల బొమ్మలు వేసేది. నేను పదో తరగతితో చదువు ఆపేసి, చిల్లకల్లు నుంచి బస్సులో వచ్చి ఆ ప్రకటనలు కేబుల్ ఆఫీసు మైకులో చదివేదాన్ని. పొడుగాటి అట్ట మీద కెమెరా మెల్లగా జరుగుతుంటే దానితోపాటు నా గొంతూ సాగాలి. రికార్డింగు లేదు, అప్పటికప్పుడే.

అక్క ముందుగా నాచేత చదివించుకునేది, కళ్ళు మూసుకుని. ఆ తర్వాతే కుంచె పట్టేది. ఒకసారి చీరల కొట్టు బొమ్మలో మధ్యమధ్య తెల్లగా వదిలేసింది.

"ఇంకా అవలేదా అక్కా?"

"అయిందే. అక్కడ నువ్వు ఊపిరి తీసుకుంటావు. నువ్వు ఆగినచోట నా బొమ్మా ఆగాలిగా. అసలంటూ ఆగితే."

అప్పటిదాకా నాతో అందరూ "ఇక చాలించవే" అన్నవాళ్ళే. నా ఊపిరి విన్న మనిషి ఆమే. ఆ రోజునుంచే నేను నెమ్మదిగా చదవడం నేర్చుకున్నా.

కేబులాయనకి మాత్రం ఆ తెలుపు చూస్తే ఒళ్ళుమంట. "ఖాళీ దండగ కదమ్మా, అక్కడ ఫోన్ నంబరు రాసెయ్యి" అని తనే స్కెచ్ పెన్నుతో నింపేసేవాడు. అక్క కోరిక ఒక్కటే, బొమ్మ వేసింది కనకదుర్గ అని టీవీలో తన చెవులతో వినాలని. ఆ మాట నేను అడిగితే, "పేర్లేయడానికి ఇదేమన్నా సినిమానా?" అని నవ్వేశాడు.

ఇంతలో నందిగామ నుంచి కంప్యూటర్ తెచ్చాడు. ఇక అట్టలు అక్కర్లేదన్నాడు. చివరి అట్ట చదివిన సాయంత్రం, అక్కకి ముందే ఇచ్చిన మాట ప్రకారం, ఆయన తిట్టినా సరేననుకుని, ఆఖర్న ఆగి, "బొమ్మ వేసింది కనకదుర్గ" అన్నా. పరుగున కొట్టుకి వెళ్ళా. వాళ్ళ వీధంతా చీకటి. ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోయిందట.

అక్క కొవ్వొత్తి పట్టుకుని గడపలోనే నిలబడి ఉంది.

"చెప్పావా?"

"చెప్పానక్కా."

"ఎలా చెప్పావు?"

చెప్పబోయి, కొవ్వొత్తి వెలుగులో ఆమె మొహం చూసి ఆగిపోయా. "పోన్లేవే, చెప్పావుగా" అని లోపలికి వెళ్ళిపోయింది. మళ్ళీ కుంచె పట్టలేదు. ఆమె అట్టలు మిర్చి బస్తాల కింద పరిచారు, చెమ్మ తగలకుండా. రంగులన్నీ ఆ చెమ్మకే పోయాయి. కొన్నాళ్ళకి జ్వరమొచ్చి అక్కా పోయింది.

ఆ పేరు నేను ఎంతమందికి చెప్పినా వినాల్సిన మనిషి వినలేదు. ఇప్పటికీ మాట్లాడుతూ ఊపిరికి ఆగుతా. అక్కడ తెల్లగా ఖాళీయే ఉంటుంది. పక్కన బొమ్మ లేదు.