సార్ నుదుటి ఎత్తు

సార్ పోయారని మంగళవారం పొద్దున డిపార్ట్‌మెంట్ గ్రూపులో మెసేజ్ వచ్చింది. నిద్రలోనే గుండె ఆగిందట. ఆయన కోసం కుట్టించిన కొత్త బెల్టు అప్పటికి ల్యాబులో నా టేబుల్ మీదే ఉంది.

ఆయన నాకు పాఠం చెప్పిన సార్ కాదు. యూనివర్సిటీలో చరిత్ర చెప్పేవారు. చూపు లేదు. తార్నాకలోని ఇంటి నుంచి క్లాసు దాకా ఎవరి చెయ్యీ పట్టుకోకుండా నడవాలన్నది ఆయన పంతం. ఎదురుగా ఏదైనా అడ్డముంటే వణికి చెప్పే బెల్టును ఇంజినీరింగ్ విద్యార్థులం మేం తయారు చేస్తున్నామని తెలిసి, తనే ల్యాబు వెతుక్కుంటూ వచ్చారు.

అప్పటికి మేం కళ్లకు గంతలు కట్టుకుని, వరండాలో కుర్చీలు పెట్టి పరీక్షించుకుని తెగ మురిసిపోతున్నాం. సార్ దాన్ని నడుముకు కట్టుకుని మమ్మల్ని తార్నాక ఫుట్‌పాత్ మీదికి తీసుకెళ్లారు. బండ్లు, బైకులు, మనుషులు. బెల్టు ఆగకుండా వణికింది. ఆయన పగలబడి నవ్వారు.

"కింద ఏమున్నదో నా కర్ర చెప్తది బిడ్డా. పైన ఏమున్నదో చెప్పేటోళ్లే లేరు. గీడ చూడు," అని నుదురు చూపించారు.

సగం దించిన షట్టర్లు, తెరిచిన కిటికీ రెక్కలు, వేలాడే కొమ్మలు, అన్నీ అక్కడ మచ్చలై ఉన్నాయి. రెండేళ్ల పని తప్పుడు ఎత్తులో చేశామని ఆ రోజే తెలిసింది. నాకు తల కొట్టేసినట్టయింది.

బెల్టు నడుము నుంచి ఛాతీకి మారి, పైకి చూడటం నేర్చుకుంది. సార్ వారం వారం వచ్చేవారు. "జర లేటుగా చెప్పింది," అనేవారు. అంతకు మించి ఫిర్యాదు ఉండేది కాదు. "బాగున్నదనుడు నాకు రాదు. మంచిగ పనిచేస్తే ఊకుంట," అనేవారు. పోయిన నెల ఒక వారం ఏమీ అనలేదు. ఆ వారం నా కాళ్లు నేల మీద నిలవలేదు.

దినాలయ్యాక, కొత్త బెల్టు కట్టుకుని ఆయన దారినే నడిచాను. కొబ్బరిబోండాల బండి దగ్గర అది వణికింది. బండి మీది టార్పాలిన్‌కు కట్టిన ఇనుప కడ్డీ, ఫుట్‌పాత్ మీదికి, సరిగ్గా సార్ నుదుటి ఎత్తున చాచుకుని ఉంది.

"పైకి కట్టొచ్చు కదా అన్నా," అన్నాను. సార్ పోయిన సంగతి ఆ బండి అతనికీ తెలుసు.

"మొదటిసారి తగిలిన్నాడే కడ్తనన్న అక్కా. సారే వద్దన్నడు. 'ఉండనియ్, పిల్లల మిషన్ పనిచేస్తదో లేదో నాకు గీడ్నే తెలుస్తది' అన్నడు. ఎన్నిసార్లు తగిలిందో. తుడుసుకొని పోయెటోడు."

లేటుగా చెప్పడమంటే నుదుటికి కడ్డీ తగలడమని సార్ మాకెప్పుడూ చెప్పలేదు. నాకు ఏడుపొచ్చింది. కడ్డీ ముందు నుంచి కదల్లేకపోయాను. ఛాతీ మీద బెల్టు వణుకుతూనే ఉంది.

"ఇగ ఎందుకు తియ్," అంటూ అతను స్టూలెక్కి, ముడి విప్పి, కడ్డీని పైకెత్తి కట్టాడు.

బెల్టు ఊరుకుంది.