తులసిమాల తాతకు మార్ఫిన్

2022 వానాకాలం. అప్పటికి నేను పాలియేటివ్ కేర్ నర్సుగా చేరి కొన్నేళ్లయింది. జబ్బు ఇక నయం కాదని తేలినవాళ్లకు నొప్పి, ఆయాసం, వాంతులు తగ్గించి, ఉన్నన్నాళ్లూ తేలిగ్గా ఉండేలా చూడటమే పాలియేటివ్ కేర్. మా బండి పొద్దున్నే మేడ్చల్‌లో బయలుదేరి శామీర్‌పేట చుట్టుపక్కల ఊళ్లు తిరిగేది. మాది గుంటూరు వైపు. పెళ్లయ్యాక కండ్లకోయలో స్థిరపడ్డాం. ఇక్కడి మాట నాకు రోగుల మంచాల పక్కన కూర్చుని కూర్చునే అలవాటైంది.

పెంటయ్య తాతది లాల్‌గడి మలక్‌పేట్. కడుపులో వెనకవైపు ఉండే క్లోమానికి క్యాన్సర్. ఆ నొప్పి కడుపులో మొదలై వీపులోకి పొడుచుకుపోతుంది. వయసులో ఉన్నప్పుడు తాటిచెట్లెక్కి కల్లు గీసినవాడు. నలభై దాటాక పాండురంగడి తులసిమాల వేసుకుని కల్లు తాగడం మానేశాడట. గీయడం మాత్రం మానలేదు. "గీసుడు నా బతుకుదెరువు, తాగకపోవుడు నా మొక్కు" అనేవాడు.

నొప్పి ఎంతుందో సున్నా నుంచి పది దాకా ఒక అంకె చెప్పమని అడుగుతాం. దాన్నే పెయిన్ స్కోర్ అంటాం. ఆయన్ని అడిగితే పళ్లు బిగించి, "పదకొండు రాస్కో బిడ్డా" అన్నాడు.

మామూలు నొప్పి మాత్రలు ఆయనకు ఎప్పుడో పనిచేయడం మానేశాయి. మా డాక్టరమ్మ మార్ఫిన్ రాశారు. నేను మాత్ర చేతిలో పెట్టగానే అడిగాడు.

"గిది మత్తు మందేనా?"

"ఆ జాతి మందే తాతా. కానీ నొప్పికి…"

"అయితే వద్దు." మాత్ర నా అరచేతిలోనే పెట్టేసి గోడవైపు తిరిగి పడుకున్నాడు.

గేటు దాకా ఆయన కూతురు సత్తెమ్మ నా వెంట వచ్చింది. భర్త కాలేజీ బస్సు నడుపుతాడు. తండ్రి పనంతా ఆమెదే.

"సిస్టరమ్మా, గా గోలి దంచి జావల కలుపుత. బాపుకు ఏం ఎర్కైతది?"

"అలా వద్దమ్మా. ఆయనకు తెలివి బాగానే ఉంది. వద్దని తన నోటితో చెప్పారు కదా."

"రాత్రంతా మంచం పట్టె కొరుకుతుండు. మీ నాయినైతే గిట్లనే సూస్తరా?"

బండెక్కాను. నిజం చెప్పాలంటే ఆ క్షణంలో సత్తెమ్మ మాటే న్యాయం అనిపించింది. చెంచాడు జావతో పోయే బాధను మొక్కు పేరుతో మోయించడం ఏమిటి? దారిలోనే డాక్టరమ్మకు ఫోన్ చేశాను. ఆవిడ అంతా విన్నారు. తర్వాత అన్నారు: "కలపొద్దు. అలాగని, ఆయన కాదన్నాడు కదా అని వదిలేసి రావొద్దు. నొప్పి కంటే పెద్ద భయమేదో ఆయనకు ఉంది. అదేంటో అడుగు."

మర్నాడు వెళ్లేసరికి మంచం పక్కన తాత స్నేహితుడు మల్లేశం ఉన్నాడు. ఇద్దరిదీ ఒకే భజన మండలి. తాత పాడితే మల్లేశం డోలక్ కొట్టేవాడు. నేను మందు సంచి తెరవకుండా స్టూలు లాక్కుని కూర్చున్నాను.

"తాతా, మందు వేసుకుంటే ఏం పోతుందని భయం?"

మాల పూసలు తడుముతూ అన్నాడు: "సచ్చేటప్పుడు నోట్లె పాండురంగని పేరుండాలె బిడ్డా. గిన్నేండ్లు గందుకే పాడిన. మత్తుల పడుంటే గా పేరెట్ల అంట?"

నాకు తెలిసిందంతా చెప్పాను. నొప్పికి సరిపడా ఇస్తే నొప్పే తగ్గుతుంది. మొదటి రెండు మూడు రోజులు కునుకు పడుతుంది, తర్వాత మనిషి తెలివిగానే ఉంటాడు. మలబద్ధకం మాత్రం తప్పదు, దానికి వేరే మందు ఇస్తాం.

తాత నవ్వాడు. "గది గూడ జెప్పినవ్ గాబట్టి నమ్ముతున్న. అన్నీ మంచియే జెప్పితే నమ్మకపోదును." మళ్లీ తనే అన్నాడు: "పొద్దుగాల చెట్టుకు కట్టిన లొట్టిల ఉన్నది నీరా, మత్తుండది. ఎండెక్కితే కల్లైతది. చెట్టు ఒక్కటే. గట్లనేనా?"

"దాదాపు అంతే తాతా. ఎక్కువ కాకుండా చూసుకోవడం నా పని."

"మరి ఆఖరి గడియల తెలివి ఉంటదా?"

ఉంటుందని అబద్ధం చెప్పలేకపోయాను. "మందు లేకపోయినా జబ్బే మగత తెస్తుంది తాతా. అది నా చేతుల్లో లేదు."

ఆయన కళ్లు తడిశాయి. మల్లేశం ముందుకు వంగి తాత చెయ్యి పట్టుకున్నాడు.

"ఏంది పెంటన్నా, నీ నోరు ఊకుంటే మా నోర్లు లేవా? నువ్వు అనలేని నాడు మేమంటం. నువ్వు ఇను. ఇన్నోనికి దేవుడు దూరమైతడా?"

తాత కళ్లు తుడుచుకుని నావైపు చెయ్యి చాచాడు. "ఏకాదశి భజనల ఒక్క మాట తప్పినా బంద్ జేస్త" అని షరతు పెట్టి మాత్ర వేసుకున్నాడు.

రెండు రోజులు చాలావరకు నిద్రలోనే ఉన్నాడు. సత్తెమ్మ పరేషానై పదే పదే ఫోన్ చేసింది. ఆ తర్వాత లేచి ఉడుకుడుకు జావ అడిగాడు. ఏకాదశి నాడు దిండుకు ఆనుకుని కూర్చుని పాడాడు. నడుమ మల్లేశం తాళం తప్పితే ఆపి, "మత్తు నాకా, నీకారా?" అన్నాడు. ఇల్లంతా నవ్వులు. ఆ రోజు పెయిన్ స్కోర్ అడిగితే, "రెండో మూడో రాస్కో. గంత దాంతోని దోస్తానా జేస్త" అన్నాడు.

అలా నెల పైగా గడిచింది. తర్వాత మింగడం కష్టమైంది. డాక్టరమ్మ సలహాతో మార్ఫిన్‌ను చర్మం కిందికి ఇంజెక్షన్‌గా మార్చాం. ఒక పొద్దున సత్తెమ్మ ఫోన్ చేస్తే వెళ్లాను. తాతకు స్పృహ లేదు. మల్లేశం, భజన మండలి పెద్దలు చుట్టూ కూర్చుని మెల్లగా పాడుతున్నారు. సాయంత్రాలు తండ్రిని తనకు దక్కనీయలేదని చిన్నప్పటి నుంచీ సత్తెమ్మకు భజనంటే పడేది కాదు. ఆ పొద్దున ఆమె తండ్రి పాదాలు ఒళ్లో పెట్టుకుని, మాటలు రాని చోట ఎదుటివాళ్ల నోళ్లు చూస్తూ వాళ్లతో పాటు పాడింది. తాత విన్నాడో లేదో నేను చెప్పలేను. నుదురు ముడిపడలేదు. ఊపిరి నెమ్మదిగా తగ్గుతూ పోయి పాట నడుస్తుండగానే ఆగింది.

దినాలయ్యాక చూసి రావడానికి వెళ్లాను. సత్తెమ్మ చాయ్ ఇస్తూ అంది: "ఆనాడు మీరు కలుపుమంటే కలిపేదాన్నే సిస్టరమ్మా. గప్పుడు బాపు నా చేతి జావ తాగినప్పుడల్లా నాకు గుండె దడదడలాడేది. ఆయన మొఖం సూడలేకపోదును."

ఆ కేసు తర్వాత నా పద్ధతి మారింది. కొత్త ఇంటికి వెళ్తే మందు పేరెత్తే ముందే అడుగుతాను: మీకు ఏది పోకూడదు? ఒకరు నమాజు వేళ తప్పొద్దంటారు, ఒకరు మనవరాలిని గుర్తుపట్టాలంటారు. మొన్న అలియాబాద్‌లో ఒక అవ్వ బాగా ఆలోచించి, "కోడల్తోని కొట్లాడేటంత ఓపిక ఉంచు బిడ్డా, సాలు" అంది. వంటింట్లోంచి కోడలు కూడా, "అవు సిస్టర్, గది మాత్రం పోనీయకుర్రి" అని కేకేసింది. ఆ అవ్వ మందు మోతాదు దాన్ని బట్టే చూస్తున్నాం.