కండువా దించని నౌకరు

పాత నలుపు తెలుపు ఇంగ్లీషు సినిమాల్లో దొరకు టీ తెచ్చిపెట్టే నౌకరు ముఖాన్ని మీరెప్పుడైనా చూశారా? మొన్న టీవీలో అలాంటిదొకటి వస్తుంటే మా మనవరాలు చానల్ మార్చబోయింది. ఆగమన్నాను. ఆ నౌకరు, చదువుకునే రోజుల్లో నేను అద్దెకున్న ఇంటి యజమాని.

సిడ్నీలో, పెండిల్ హిల్‌లో ఆయన ఇంటి వెనక గది నాది. మా అందరికీ ఆయన అంకుల్. కృష్ణా జిల్లాలో ఒక దళితవాడలో పుట్టి, కుర్రతనంలో ఓడెక్కి లండన్ చేరి, అక్కడి స్టూడియోల్లో ఏళ్ల తరబడి నౌకరు, ఫకీరు, పాములవాడు వేషాలు వేసి, చివరికి సిడ్నీలో స్థిరపడ్డారు. ఏ పాత్రకూ పేరుండేది కాదు. ఆయన నలుపు చాలలేదని మేకప్ వాళ్లు ఇంకాస్త పులిమేవారట. మహారాజు వేషం మాత్రం ఎవరో తెల్లాయన రంగు పూసుకుని వేసేవాడు. నర్సుగా పనిచేసే ఆంటీ వంటింట్లోంచే దెప్పేవారు: "అన్ని సినిమాల్లో దొరలకి టీ ఇచ్చారు, ఇంట్లో నాకొక్క కప్పు ఇచ్చారేమో అడగవయ్యా!" అంకుల్ గర్వంగా చెప్పుకునేది ఒక్కటే. హీరో ముఖ్యమైన మాట చెబుతుండగా కప్పు పెట్టి, అతని కళ్లలోకి తిన్నగా చూసేవారట. "నన్ను కత్తిరిస్తే హీరో డైలాగూ పోద్ది అబ్బాయ్. ఇంకేం చేస్తారు, ఉంచేవోళ్లు."

నేను ఆ గదిలో ఉన్న ఏడు సిడ్నీలోని మన తెలుగువాళ్లు ఓ నాటకం తలపెట్టారు. జమీందారు వేషం ఒక డాక్టరుగారు తీసుకున్నారు. పాలేరు వేషం, అడగకుండానే, అంకుల్‌కి ఇచ్చేశారు. ఆయన ఊరూ ఇంటిపేరూ ముందే ఆరా తీసిన కమిటీ అది. ఊరగాయ జాడీని పట్టుకునే సిడ్నీ కస్టమ్స్‌కు కులం మాత్రం ఎప్పుడూ దొరకలేదు.

"మీకు ఎక్స్‌పీరియన్స్ ఉంది కదా అంకుల్, రిహార్సల్ కూడా అక్కర్లేదు," అన్నారు డాక్టరుగారు. జమీందారు రాగానే పాలేరు భుజం మీది కండువా తీసి నడుముకు చుట్టుకుని మూల నిలబడాలి. అంకుల్ తండ్రి ఊళ్లో నిజంగానే అలా నిలబడ్డ మనిషి. నాకు ఒళ్లు మండి, వెయ్యనని చెప్పమన్నాను.

"నే మానేస్తే ఇంకోణ్ని నిలబెడతారు. నేనే వేస్తా," అన్నారు.

నాటకంలో డాక్టరుగారు పొడుగాటి ప్రసంగం అందుకున్నారు. అంకుల్ కండువా తియ్యలేదు. నింపాదిగా నడిచొచ్చి, కుర్చీ లాక్కుని, ఎదురుగా కూర్చున్నారు. "కండువా, అంకుల్, కండువా!" అని డాక్టరుగారు పళ్లబిగువున గొణిగారు. అంకుల్ గొంతు మాత్రం చివరి వరుసకూ వినబడింది.

"లండన్‌లో నా రంగు చూసి నౌకరు వేషం ఇచ్చారు డాక్టరుగారూ. మీరేం చూసి ఇచ్చారు?"

తెర దించేశారు. ఆంటీ, నేను తప్ప ఎవరూ చప్పట్లు కొట్టలేదు. ఆ తర్వాత ఏ నాటకానికీ ఆయన్ని పిలవలేదు. "పోన్లే, ఆఖరి వేషంలో కుర్చీ దక్కింది," అని అంకుల్ నవ్వారు.

ఆయన పోయి చాలా కాలమైంది. కాలమే అన్నీ మారుస్తుందంటారు, నేను నమ్మను. ఎవరూ పూనుకోకపోతే కాలం ఊరికే గడిచిపోతుంది, అంతే. మీ తెలుగు సంఘం ఈ ఏడూ ఏదో నాటకం వేస్తుంది. పాత్రలు పంచే సమావేశానికి వెళ్లండి. ఎవరైనా ఇంటిపేరు ఆరా తీస్తే, లేచి నిలబడి, ఎందుకని అందరి ముందూ అడగండి.