టెంకాయ నిలబడిన చోట

బావా, తొమ్మిదో తరగతితో బడి మానేసిన నాకు ఫిజిక్స్ ఎందుకని నిన్న ఈ వాట్సాప్ గ్రూపులో ఎగతాళి చేశావు కదా. నా సిద్ధాంతం ఇదీ: భూమిలోని శక్తి గడ్డకడుతుంది, కరుగుతుంది, ఆవిరవుతుంది. కరిగినచోట నీళ్లుంటాయి, అరచేతిలో పెట్టుకున్న టెంకాయ లేచి నిలబడుతుంది.

సోమందేపల్లి దగ్గర ఎండిపోతున్న మా మల్బరీ తోటలో, నా చేతిలో అది నిలబడింది. ఈ రోజు అక్కడే బోరు వేయించాం. సాయంత్రం దాకా దుమ్మే వచ్చింది.

"ఏమిరా, నీ శక్తి యాడికి పోయె?" అన్నాడు నాయన.

"ఆవిరైపోయింది నాయనా."

"మళ్లా కరిగినప్పుడు చెప్పు. ఉండే గొర్రెలు అమ్మి ఇంగో బోరు ఏపిద్దాం."

వెక్కిరింపు అనుకున్నాను. కాదు, నిజంగానే అన్నాడు. నాకే నమ్మకం పోయిన సిద్ధాంతాన్ని లోకంలో ఆయనొక్కడే నమ్ముతున్నాడు. ఆ నమ్మకం ఎలా మాన్పించాలో తెలిసినవాళ్లు చెప్పండి. బావా, నువ్వైనా చెప్పు. నాయన తోటలోంచి పిలుస్తున్నాడు, పోవాలి.