ప్రార్థన నూనె కడిగేసిన సారమ్మ

కొల్లేటి ఒడ్డున ఉన్న ఆ పేటలో సారమ్మతో తగువు పెట్టుకోని ఇల్లు ఒక్కటీ లేదు. పెట్టుకుని గెలిచిన ఇల్లూ లేదు. అరవై నాలుగేళ్ల మనిషి. మొగుడు పోయి పదకొండేళ్లు. చేపల ప్యాకింగు షెడ్డులో ట్రేలకి ఐసు కొట్టే పని. ఐసులో చేతులు ఎంత మొద్దుబారినా నోరు మాత్రం మొద్దుబారలేదని షెడ్డులో అంటారు. అననీ. ఆ నోరే లేకపోతే పేటవాళ్లు ఆవిణ్ణి కూడా ఎప్పుడో ట్రేలో సర్ది లారీ ఎక్కించేవాళ్లు.

పేటకి ఆవిడంటే కిట్టకపోవడానికి అసలు కారణం నోరు కాదు, పక్షులు. చేపల చెరువుల మీద పక్షులు వాలకుండా రైతులు ఈ గట్టు నుంచి ఆ గట్టుకి తంగూసు తాళ్లు కడతారు. కంటికి ఆనని సన్న నైలాను తాడు. దిగబోయే పక్షి రెక్కని బ్లేడులా కోసేస్తుంది. అది గట్టు మీద పడి కొట్టుకుంటుంటే కుక్కలు పీక్కు తింటాయి. ఆ కుక్కల నోట్లోంచి లాక్కొచ్చి పెరట్లో పాత మేకల పాకలో పెట్టడం, ఏలూరు పశువుల డాక్టరు చెప్పిన మందు రాయడం, షెడ్డులో ఏరి పారేసిన చిల్లర చేప మేపడం సారమ్మ పని. పక్షి రాగానే ఫారెస్టు ఆఫీసు ఆంజనేయప్రసాద్‌కి ఫోన్ చేస్తుంది. ఆయన వచ్చి చూసి, రాసుకుని, "రెక్క కుదిరేదాకా మీ దగ్గరే ఉంచండమ్మా, వదిలే రోజు నేనొస్తాను" అని వెళతాడు. ఎనిమిదేళ్లుగా ఇదే వరస.

"నీకెందుకే ఈ పీడ?" అని ఎవరైనా అడిగితే ఆవిడ దగ్గర జవాబు సిద్ధంగా ఉంటుంది.

"నీళ్ల పక్షుల్ని దేవుడు అయిదోరోజున చేశాడు, మనిషిని ఆరోరోజున. ముందొచ్చినోళ్లకి కూడు పెట్టనియ్యండి. వెనకొచ్చినోళ్ల సంగతి తర్వాత చూద్దాం."

ఇలా మాట్లాడితే ఎవరికి నచ్చుతుంది? ముఖ్యంగా బాలస్వామికి నచ్చదు. ఆయన చర్చి సంఘం పెద్ద. ఎనిమిదెకరాల చెరువు కౌలుకి చేస్తున్నాడు. పేట చుట్టూ ఉన్న తంగూసు తాళ్లలో సగం ఆయనవే. గుడిలో కానుక పళ్లెం పట్టుకుని తిరిగేటప్పుడు ఆ మొహంలో ఉండే సాధుత్వం చెరువు గట్టు ఎక్కేసరికి ఏమైపోతుందో ఆ పైవాడికే తెలియాలి.

పోయిన ఫిబ్రవరిలో సారమ్మ ఒక గూడబాతుని తెచ్చింది. నడుమెత్తు పక్షి, మూరెడు ముక్కు, ముక్కు కింద సంచి. అది పడింది బాలస్వామి చెరువు గట్టు మీదే. రెండో రోజుకే ఆయన సారమ్మ గుమ్మంలో నిలబడ్డాడు.

"ఏవండీ సారమ్మక్కా, రోజుకి కేజీ చేప మింగేదాన్ని మీరు మేపి, బలిపించి, మళ్లీ మా చెరువుల మీదకే వదుల్తున్నారు. ఇదేం భక్తండీ?"

"కేజీకే ఏడుస్తున్నావా బాలస్వామీ? చేపల పట్టుబడి రోజున తూకంలో నీ కూలోళ్లు కొట్టేసేదెంతో దాన్నడుగు, ముక్కు తిప్పి చెబుతుంది."

"నవ్వులాట కాదండి. సంఘంలో పెడతాను."

పెట్టాడు. ఆ ఆదివారమే నలుగురు పెద్దలూ కూర్చుని తీర్మానం చేశారు. వచ్చే బల్ల ఆదివారం లోపు పక్షి ఆ పెరట్లోంచి పోవాలి. పోకపోతే సారమ్మకి బల్ల లేదు.

ఈ మాట సారమ్మకి గుండెలో దిగింది. నెలకి ఒకసారి, మొదటి ఆదివారం, గుడిలో రొట్టె, ద్రాక్షరసం పంచే ప్రభువు బల్ల అది. పదహారో ఏట బాప్తిస్మం తీసుకున్నది మొదలు ఆవిడ ఒక్క బల్ల తప్పలేదు. మొగుణ్ణి పాతిపెట్టిన మూడో రోజున కూడా తెల్లచీర కట్టుకుని వెళ్లి మోకాళ్లూనింది. లోకంలో సారమ్మ నోరు మూసుకుని వెళ్లే చోటు అదొక్కటే. అది కూడా లేదంటే ఇక ఆవిడకి నోరు మూసుకునే చోటే లేదు.

అదృష్టం బాగుండి రెక్క త్వరగానే కుదిరింది. శనివారం పొద్దున్నే వదిలేద్దామని ఆంజనేయప్రసాద్ చెప్పాడు. మర్నాడే బల్ల. తీర్మానం చేసినవాళ్ల మొహాన తీర్మానం కొట్టి, దర్జాగా వెళ్లి మోకాళ్లూనవచ్చని సారమ్మ లెక్క వేసుకుంది.

శుక్రవారం సాయంత్రం గృహ ప్రార్థన అంటూ నలుగురు ఆడవాళ్లు దిగారు. ముందు బాలస్వామి భార్య విజయకుమారి. ఆవిడ చేతిలో ప్రార్థన నూనె సీసా. పాస్టరు జీవన్ అయ్యగారు ఉపవాసం ఉండి ప్రార్థన చేసిన కొబ్బరినూనె అది. పేటలో నడుం నొప్పి దగ్గర్నుంచి నడవని మోటారు దాకా అన్నిటికీ అదే పూస్తారు.

ప్రార్థన ముగిశాక టీ ఇవ్వకుండా పంపితే పేటంతా చెప్పుకుంటారు. సారమ్మ వంటింట్లోకి వెళ్లి పొయ్యి వెలిగించింది. టీ మరిగేలోపు పెరట్లో పాట మొదలైంది. ఈ పాట ఎవరి కోసమబ్బా అని ఆవిడ గిన్నె దించి వెళ్లి చూసేసరికి, ముగ్గురు ఆడవాళ్లు పాక ముందు చేటలు అడ్డం పెట్టి పక్షిని మూలకి తోశారు. విజయకుమారి పాక పిట్టగోడ మీంచి వంగి సీసా బోర్లించింది. నూనె గూడబాతు వీపు మీంచి రెక్కల మీదికి, అక్కణ్ణుంచి తోక దాకా ధారగా కారుతోంది.

"ఆపు!" అని సారమ్మ అరిచిన అరుపుకి చేటలు కింద పడ్డాయి. "ఏం చేశావే విజయకుమారీ!"

"రేపు ఎగిరిపోతోంది కదా వదినా. స్వస్థత పూర్తి కావాలని అభిషేకం చేశాను. ఎంతైనా నీ పక్షి."

కక్షతో పోసి ఉంటే సారమ్మ అక్కడే జుట్టు పట్టుకునేది. కాదు, భక్తితోనే పోసింది. ఆ మొహం చూస్తే తెలుస్తూనే ఉంది. ఆ భక్తిని చూస్తే సారమ్మకి ఇంకా మండింది.

ఎందుకంటే ఎనిమిదేళ్ల కిందట, తన మొట్టమొదటి గూడబాతుకి సారమ్మ కూడా సరిగ్గా ఇదే పని చేసింది. అప్పటి పాస్టరుగారు ఇచ్చిన నూనె రెక్కలకి శ్రద్ధగా మర్దించి, పాట పాడి, కొల్లేట్లో వదిలింది. అది పది బారలు ఈదింది. ఆ తర్వాత నానిన గోనెలా కిందికి దిగిపోయింది. ఆవిడ చీర ఎగదోపుకుని గొంతు లోతు దాకా వెళ్లినా చేతికి అందలేదు. తర్వాత ఏలూరు డాక్టరు చీవాట్లు పెట్టాడు: నీళ్లు ఆపేది ఈక అమరికేనట. నూనె తగిలితే ఈకలు అతుక్కుపోయి నీళ్లు ఒంటికి పడతాయట. సబ్బుతో కడగాలి, కడిగాక అది మళ్లీ ముక్కుతో ఈక ఈకా సర్దుకుని నీళ్లకి తట్టుకునేదాకా వారాల తరబడి ఉంచాలి. ఈ సంగతి సారమ్మ ఎవరికీ చెప్పుకోలేదు. చెప్పుకోవడానికి అదేమైనా గొప్పా?

ఆవిడ గోరువెచ్చని నీళ్లు కాచి, గిన్నెలు తోమే సబ్బు కరిగించి, ముక్కుకి గుడ్డ చుట్టి, ఆ నలుగురి కళ్లముందే పక్షిని కడగడం మొదలుపెట్టింది.

"ప్రార్థన నూనెని... అంట్ల సబ్బుతోనా వదినా!" విజయకుమారి నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది.

"అవును. నూనె పోవాలి, పక్షి ఉండాలి. టీ గిన్నెలో ఉంది, తాగి వెళ్లండి."

ఎవరూ తాగలేదు. ఆ మాట మాత్రం పేటంతా తాగింది. తెల్లారేసరికి నేరమే మారిపోయింది. పక్షిని ఉంచుకోవడం చిన్నది, అభిషేకాన్ని అంట్ల సబ్బుతో కడగడం పెద్దది. శనివారం వచ్చిన ఆంజనేయప్రసాద్ కూడా తల అడ్డంగా ఊపాడు: "ఇప్పుడు వదిలితే మునిగిపోద్దండి. నెల పైనే ఆగాలి." ఆయన వెనకాలే బాలస్వామి, పాస్టరుగారు వచ్చారు. పాస్టరు జీవన్ తాడేపల్లిగూడెం కుర్రాడు. మెత్తనివాడు. మెత్తన అంటే, ఎవరు నొక్కితే అటు సొట్టపడేవాడు.

"సారమ్మగారండీ, పక్షిని ఈ రోజే వదిలేసి, రేపు సంఘం ముందు క్షమాపణ అడిగేయండి. అందరికీ శాంతి" అన్నాడు.

"వదిలితే చచ్చిపోద్ది అయ్యగారూ. నేను ఒకదాన్ని అలాగే చంపాను. ఇదే నూనెతో." ఎనిమిదేళ్లు దాచిన మాట అందరి ముందూ బయటపడింది.

జాలి పడాల్సిన చోట బాలస్వామి చెయ్యెత్తాడు. "విన్నారా అయ్యగారండీ? ప్రార్థన నూనె చంపిందంట! ఈవిడ నోటితోనే అంటోంది!"

"నూనె చంపలేదు బాలస్వామీ, నా తెలివితక్కువ చంపింది. నీకంత తెలివితక్కువ లేదు, తంగూసుతో తెలిసే చంపుతావు."

సారమ్మ ముందు తిన్నగా రెండు దారులు ఉన్నాయి. పాక తలుపు తీస్తే బల్ల ఉంది. మూస్తే లేదు. ఆవిడ పాక తలుపుకి గొళ్లెం పెట్టి, వాళ్లిద్దరి వంకా చూస్తూ నిలబడింది. వాళ్లే వెళ్లిపోయారు.

ఆదివారం తెల్లచీర కట్టుకుని గుడికి వెళ్లింది. ఆడవాళ్ల వరసలో ఆవిడ పక్కన చాప ఖాళీ అయిపోయింది. పిలుపు రాగానే అందరితో పాటు ముందుకు వెళ్లి మోకాళ్లూనింది. పాస్టరుగారు రొట్టె పళ్లెం పట్టుకుని ఒక్కొక్కరికీ ఇస్తూ వచ్చాడు. ఆవిడ ముందు ఒక్క క్షణం ఆగాడు. వెనక బాలస్వామి దగ్గాడు. పళ్లెం పక్క మనిషికి వెళ్లిపోయింది. ద్రాక్షరసం గిన్నె కూడా అలాగే దాటిపోయింది.

తిన్నవాళ్లు లేచి వెళ్లారు. సారమ్మ లేవలేదు. దీవెన చెప్పడానికి నిలబడ్డ పాస్టరుగారు వంగి, "లేవండి సారమ్మగారూ" అని గొణిగాడు.

"మీరు ఇవ్వకుండా వెళ్లారు. నేను పుచ్చుకోకుండా లేవను. ఎవరి పని వాళ్లం చేస్తున్నాం. దీవెన చెప్పండి, ఇళ్ల దగ్గర వీళ్ల కోడికూరలు చల్లారిపోతున్నాయి."

ఆవిడ తల మీంచే దీవెన చెప్పారు. గుడి ఖాళీ అయ్యాక, చాపలు చుట్టేవాడు వచ్చాక లేచింది.

ఏప్రిల్ రెండో వారంలో గూడబాతు నీళ్లలో రోజంతా తేలి చూపించింది. ఆంజనేయప్రసాద్ పడవలో కొల్లేటి నడిమధ్యకి తీసుకెళ్లి వదిలారు. అది వెనక్కి తిరిగి చూడలేదు. చూడాలని సారమ్మ కూడా కోరుకోలేదు. పక్షి పోయింది కదా, ఇక ఒక్క క్షమాపణ చెప్పేస్తే సరిపోతుందని విజయకుమారి కబురు పెట్టింది. "చేసిన తప్పుకి ఆ పక్షిని చేసినవాడి దగ్గర ఎనిమిదేళ్ల కిందటే ఏడ్చాను. వీళ్ల దగ్గర ఏడవడానికి నేను చేసిన తప్పేంటో చెప్పమను" అని సారమ్మ తిరుగు కబురు పంపింది. ఏలూరులో ఇంకో సంఘానికి వెళ్లమని చెల్లెలు పోరింది. ఆ మాట అన్నందుకు చెల్లెలితో కూడా మాటల్లేవు ఇప్పుడు.

ఏప్రిల్, మే, జూన్. ప్రతి బల్ల ఆదివారం వెళ్లడం, మోకాళ్లూనడం, పళ్లెం దాటిపోవడం. ఆవిడ మోకాళ్లూనే చోట చాప తీసేద్దామని బాలస్వామి ఒకసారి సలహా ఇచ్చాడట. తీసేశారు కూడా. ఆవిడ వట్టి గచ్చు మీదే ఊనింది.

జూలైలో పాస్టరుగారి చెయ్యి ఆవిడ ముందు మునుపటికన్నా ఎక్కువసేపే ఆగింది. బాలస్వామి దగ్గాడు, ఒకసారి కాదు, రెండుసార్లు. పళ్లెం కదిలింది. మిగతావాళ్లు కళ్లు మూసుకుని ప్రార్థనలో ఉన్నారు. సారమ్మ మాత్రం కళ్లు మూయకుండా, దాటిపోతున్న ఆ చేతినే చూస్తూ మోకాళ్ల మీద ఉండిపోయింది.