లిమ్ అంకుల్‌తో డైలాగులు చదివిన రోజులు

మొన్న కారు సర్వీసింగ్‌కిచ్చి రౌస్ హిల్‌లో మెట్రో ఎక్కాను. వాన వెలిసిన ఉదయం. కిటికీ అద్దం మీద నీటి చారలు వంకరగా జారుతున్నాయి. వాటి వెనక యూకలిప్టస్ చెట్లు పల్చటి పాలలో ముంచి తీసినట్టున్నాయి. ఎదురు సీట్లో ఒక చైనా పెద్దావిడ ఫోన్లో ఏదో పాత సీరియల్ చూస్తోంది, ఇయర్‌ఫోన్లు లేకుండా. ఒక ఆడగొంతు ఏడుస్తూ ఏదో అడిగింది. ఆ తర్వాత కాసేపు ఏ శబ్దమూ లేదు. ఆ నిశ్శబ్దం దగ్గరే నేను తలెత్తాను. దాని తర్వాత రాబోయే గొంతు ఎవరిదో నాకు తెలిసిపోయింది. అనుకున్నట్టే వచ్చింది, కాస్త బొంగురుగా, తొందరేమీ లేకుండా. లిమ్ అంకుల్ గొంతు. ఆయన పోయి రెండేళ్ళు దాటింది. ఆ ఫోన్లో ఆయనకి నలభై ఏళ్ళుంటాయేమో. ఒక్క మాటా అర్థం కాకుండానే అలా వింటూ కూర్చున్నాను. నేను దిగాల్సిన కాజిల్ హిల్ ఎప్పుడు దాటిపోయిందో తెలియలేదు.

ఆయన పేరు మీరు విని ఉండరు. సింగపూర్‌లో చైనీస్ సీరియళ్ళు చూస్తూ పెరిగిన వాళ్ళకి కూడా పేరు గుర్తుండకపోవచ్చు, ముఖం మాత్రం గుర్తుంటుంది. నలభై ఏళ్ళకు పైగా నటించారు. ఒక్కసారీ హీరో కాలేదు. మొదట నౌకరు, తర్వాత అన్నయ్య, తర్వాత తండ్రి, చివరికి తాత. వయసు పెరిగే కొద్దీ వేషాలు కూడా ఆయనతో పాటు మెల్లగా ముసలివయ్యాయి. భార్య పోయాక సింగపూర్‌లో ఇల్లు ఖాళీ చేసి, ఇక్కడ రౌస్ హిల్‌లో మా పక్కింట్లో ఉండే కూతురు గ్రేస్ దగ్గరికి వచ్చేశారు. గ్రేస్ పళ్ళ డాక్టరు. నేను జీపీని, అంటే ఫ్యామిలీ డాక్టర్ని. ఇద్దరం పొద్దున్నే కార్లలో వెళ్ళిపోయే వాళ్ళమే. పగలంతా ఆ వీధిలో మెలకువగా ఉండేది ఆయనొక్కరే అనిపించేది.

ఆయనతో మొదటిసారి మాట్లాడింది చెత్తబుట్టలు బయటపెట్టే రోజున. పసుపు మూత బుట్టని రోడ్డు పక్కకి లాగుతూ, తన మోకాలి గురించి ఏదో చెప్పబోయారు. నా చేతిలో కారు తాళాలున్నాయి. తల ఊపుతూ, "ఎక్స్‌రే తీయించుకోండి అంకుల్, మీ జీపీ రిఫరల్ ఉత్తరం ఇస్తారు" అనేశాను.

ఆయన బుట్ట వదిలి నన్ను చూశారు. ఆయనది చివర్లో "లా" అని సాగే సింగపూర్ ఇంగ్లీషు.

"నా వాక్యం ఇంకా అయిపోలేదు లా, డాక్టర్" అన్నారు. "మా సీరియళ్ళలో డాక్టర్ వేషం వేసే కొత్తవాళ్ళు ఇలాగే తల ఊపుతారు. అవతలి మనిషి ఏం చెబుతాడో స్క్రిప్టులో ముందే చదివేసుంటారు కదా."

ఆయన నవ్వుతూనే అన్నారు కానీ నాకు రోజంతా మండింది. సాయంత్రం మా ఆయన రవికి చెబితే, ల్యాప్‌టాప్ మూసి మరీ నవ్వాడు. "కరెక్టే కదా సుధా! నన్ను మాత్రం ఎప్పుడైనా సెంటెన్స్ ఫినిష్ చెయ్యనిచ్చావా?"

ఆ కోపం ఎంతో కాలం నిలవలేదు. గురువారాలు నాకు సెలవు. మధ్యాహ్నాలు ఆయన గరాజ్ తలుపు పైకెత్తి, మడత కుర్చీ వేసుకుని కూర్చునేవారు. గాజు గ్లాసులో చిక్కటి కాఫీ, అడుగున అంగుళం మందాన కండెన్స్‌డ్ మిల్క్. నన్ను చూస్తే రెండో కుర్చీ విప్పేవారు. ఎండ గరాజ్ లోపలికి మెల్లగా పాకుతూ మా కాళ్ళ దాకా వచ్చేది. దుమ్ము కణాలు వెలుగులో తేలుతుండేవి. ఆయన చెప్పే సింగపూర్ ఆ వెలుగులోనే ఎక్కడో ఉన్నట్టు, చెయ్యి చాస్తే అందేటట్టు అనిపించేది.

ఆయన ఇంటి భాష టియోచ్యూ. చైనా దక్షిణ తీరం నుంచి వలస వచ్చిన వాళ్ళ భాష అది. కుర్రతనంలో ఆ భాషలో రేడియో నాటకాలు వేసేవారట. కాలం మారి, రేడియోలోనూ టీవీలోనూ మాండరిన్ తప్ప మిగతా చైనీస్ భాషలన్నీ ఆగిపోయాయి. ఆయన మాండరిన్ బడిపిల్లాడి మాండరిన్. ఉచ్చారణ బాగాలేదని డైలాగులు ఇచ్చేవారు కాదు. ట్రే పట్టుకుని నిలబడే నౌకరు. మంచం మీద శవం. యజమాని అరుస్తుంటే వినే గుమాస్తా.

"అలా ఎన్నేళ్ళు అంకుల్?"

"చాలా ఏళ్ళు. మాట్లాడేవాళ్ళ వంక కెమెరా తిరుగుతుంది. నేను వెనక నిలబడి వినేవాణ్ణి. ఇంకేం చెయ్యాలి? నిజంగా వినడం మొదలుపెట్టాను. ఒక రోజు ఎడిటింగ్‌లో కూర్చున్నాయన అన్నాడట, ఈ నౌకరు మొహం చూస్తే అవతలి వాళ్ళ డైలాగు ఇంకా బాగా అర్థమవుతోంది, వీడెవడు అని."

ఆయన తల్లికి మాండరిన్ ముక్క రాదు. అయినా కొడుకు కనిపించే ప్రతి సీరియలూ చూసేదట. ఒకసారి భోజనం వడ్డిస్తూ, "నిన్న ఆ అమ్మాయితో ఎందుకు అబద్ధం చెప్పావు?" అని అడిగింది. ఆ సీరియల్‌లో ఆయనది అబద్ధమాడే పాత్ర కాదు. కానీ ఆ షాట్ తీసేటప్పుడు ఆయన మనసు ఇంకెక్కడో ఉంది. డైరెక్టరుకి తెలియలేదు, చూసిన జనానికీ తెలియలేదు. భాష రాని తల్లికి తెలిసింది. "ఆ రోజు నుంచి అమ్మ కోసమే నటించాను" అన్నారు అంకుల్.

ఇంకోసారి మార్కెట్లో చేపలమ్మే ఆవిడ ఎంత చెప్పినా వినకుండా ఒక పెద్ద చేప సంచిలో పెట్టేసిందట. "తిను, పాపం. నీ కొడుకు ఉత్త పనికిమాలినవాడు" అందట. సీరియల్‌లో కొడుకు ఆయన్ని ఇంట్లోంచి గెంటేసిన వారం అది. ఆ చేప ఇంటికి తెచ్చి వండుకుంటే, తినేటప్పుడు నిజంగానే కళ్ళలో నీళ్ళు తిరిగాయని చెప్పి పగలబడి నవ్వారు.

ఆ తర్వాతి ఏడు, జకరండా పూలు రాలే రోజుల్లో, ఆయనకి సింగపూర్ నుంచి ఫోన్ వచ్చింది. ఒకప్పుడు ఆయన కొడుకుగా వేసిన కుర్రాడు ఇప్పుడు డైరెక్టరు. కొత్త సీరియల్‌లో ఒక తాత పాత్ర ఉంది. కాఫీ కొట్టు నడిపే ముసలాయన. మనవరాలు చదువుకని దేశం వదిలి వెళ్ళే ముందు ఇద్దరి మధ్యా ఒక పెద్ద సీను. ఆయన ఆ కాగితాలు పట్టుకుని మా తలుపు కొట్టారు. మనవరాలి డైలాగులన్నీ ఇంగ్లీషు అక్షరాల్లో స్వయంగా రాసుకొచ్చారు.

"నువ్వు మనవరాలివి. రోజూ ఒక్క అరగంట."

"నాకు చైనీస్ రాదు కదా అంకుల్. గ్రేస్ ఉందిగా?"

"గ్రేస్ బిజీ. నువ్వే కావాలి."

నెల రోజులకు పైగా, క్లినిక్ నుంచి రాగానే ఆ గరాజ్‌లో కూర్చున్నాను. నా రాజమండ్రి నాలుక మీద ఆ మాటలు ఎలా పలికేవో కానీ ఆయన ఒక్కసారీ నవ్వలేదు. కోప్పడేది ఒక్కదానికే. ఆయన డైలాగు చివరికి రాగానే నా కళ్ళు కాగితం మీదకి దిగేవి.

"ఎక్కడ చూస్తున్నావు?"

"నా లైను..."

"నీ లైను కాగితంలో లేదు. నా మొహంలో ఉంది. నేను పూర్తిగా ఆగేదాకా ఉండు. ఆగాక కూడా ఇంకాస్త ఉండు."

ఆ ఇంకాస్త నాకు మహా కష్టంగా ఉండేది. పదిహేను నిమిషాలకో పేషెంటు చొప్పున ఏళ్ళ తరబడి బతికిన దాన్ని. కానీ రోజులు గడిచేకొద్దీ ఆ భాష ఒక పాటలా చెవిలోకి ఎక్కింది. అర్థం తెలియని పాట. ఎక్కడ గొంతు పైకి వెళుతుందో, ఎక్కడ ఊపిరి తీసుకుంటారో, ఎక్కడ నవ్వబోయి మానేస్తారో తెలిసిపోయింది.

అందుకే, అవి లేకపోవడం కూడా తెలిసింది.

మొదట ఒక లైను జారిపోయింది. మర్నాడూ అదే చోట జారిపోయింది. ఆ మర్నాడు ముందు పేజీలో మాటలు వెనక పేజీలోకి వచ్చేశాయి. ఆ సాయంత్రమే నాకు కాఫీ ఇచ్చి, నేను తాగుతుండగానే ఇంకో గ్లాసు తెచ్చిచ్చారు. నేను డాక్టర్ని. నాలో ఒక భాగం అప్పటికే లెక్కలు కడుతోంది. మిగతా భాగం వద్దు వద్దంటోంది.

నాలుగో రోజు కాగితాలు పక్కన పెట్టాను. "అంకుల్, మనవరాలు పెట్టె మూసేముందు మీరనే మాట ఒకటి ఉంది. మూడు రోజుల నుంచి అది రావడం లేదు."

ఆయన నా వంక తిరిగారు. "నీకు చైనీస్ రాదు."

"రాదు. కానీ అక్కడ మీ గొంతు పైకి వెళ్ళి ఆగుతుంది. ఇప్పుడు ఆగట్లేదు."

"గ్రేస్‌కి ఎక్కడ తప్పానో తెలిసిపోతుందని నిన్ను పెట్టుకున్నాను" అన్నారు మెల్లగా. "నీ ముందైతే ఎన్ని తప్పులైనా చెయ్యొచ్చనుకున్నాను. మా అమ్మలాంటి దానివని తెలియదు లా."

వెంటనే నా నోరు నడిచింది. రక్తపరీక్షలు, స్కాను, మెమరీ క్లినిక్, ముందే తెలిస్తే ఎంత మంచిదో. ఆయన అరచెయ్యి ఎత్తారు. నేను ఆగాను. ఆ రోజు మాత్రం నిజంగా ఆగాను. ఎదుటి చెట్టు మీద కాకటూ చిలుకలు అరిచి అరిచి లేచిపోయాయి. ఎండ మా మోకాళ్ళ మీద నుంచి గోడకెక్కింది. ఏదో ఒకటి అనాలని నాలుక కొట్టుకుంటూనే ఉంది. అనలేదు.

చివరికి ఆయనే అన్నారు. "జబ్బంటే భయం లేదు. స్క్రీన్ మీద అన్ని జబ్బులూ పడ్డాను, అన్ని రకాలుగానూ చచ్చాను. గ్రేస్ చూపు మారిపోతుంది. ఇప్పటిదాకా అది వాళ్ళ నాన్నని చూస్తోంది. రేపటి నుంచి జబ్బుని చూస్తుంది."

నేను తొందరపడి ఉంటే ఆ మాట ఆయన ఎవరికీ చెప్పి ఉండేవారు కాదు. నా రిఫరల్ ఉత్తరంలో అది ఎక్కడా ఉండేది కాదు.

ఆ ఆదివారం ఆయనే గ్రేస్‌కి చెప్పారు. మర్నాడు నా ఎదుటే డైరెక్టరుకి ఫోన్ చేశారు. జారిపోతున్న లైన్ల సంగతి చెప్పేశారు. అటు నుంచి ఆ డైరెక్టరు ఏదో చెబుతుంటే, అంకుల్ ముఖంలో మెల్లగా వెలుగొచ్చింది. ఫోన్ పెట్టేసి నాతో, "తాత డైలాగులన్నీ తీసేస్తాడట. మనవరాలే మాట్లాడుతుంది. నేను వింటానంతే" అన్నారు. కాస్త ఆగి, "వినడం ఇంకా మర్చిపోలేదు లా" అన్నారు.

గ్రేస్ తన క్లినిక్‌కి సెలవు పెట్టి ఆయన్ని షూటింగ్‌కి సింగపూర్ తీసుకెళ్ళింది. ఆ ఎపిసోడ్ కొన్ని నెలల తర్వాత వచ్చింది. ఒక ఆదివారం మధ్యాహ్నం వాళ్ళింట్లో అందరం చూశాం. తెర మీద ఆ పిల్ల పెట్టె సర్దుతూ మాట్లాడుతూనే ఉంటుంది. వెళ్ళనా, కోపమా, ఫోన్ చేస్తే ఎత్తుతావా అని అడుగుతోందని గ్రేస్ చెప్పింది. తాత కాఫీ గ్లాసులు తుడుస్తూ వింటాడు. అంతే. కానీ ఆయన ముఖంలో ఒక ఇల్లు మొత్తం ఖాళీ అవడం చూశాను. గ్రేస్ చెప్పడం మధ్యలోనే ఆపేసి తండ్రి భుజం మీద తల పెట్టేసింది. అంకుల్ టీవీ చూడటం లేదు. వరసగా మా ముఖాలు చూస్తున్నారు, ఏ మాట ఎవరికి ఎక్కడ తగిలిందో పట్టుకోవాలన్నట్టు.

ఆ తర్వాత భాషలు ఒక్కొక్కటిగా ఆయన్ని వదిలి వెళ్ళాయి. ముందు ఇంగ్లీషు, తర్వాత మాండరిన్. మిగిలింది టియోచ్యూ. అది గ్రేస్‌కి సగమే అర్థమయ్యేది. "మా నాయనమ్మ ఉంటే బావుండేది సుధా. షీ వుడ్ నో" అనేది.

నేను గురువారాలు మానలేదు. ఆయన తన భాషలో ఏదో చెప్పేవారు. నేను తెలుగులో చెప్పేదాన్ని. ఒక మధ్యాహ్నం, ఎవరికీ చెప్పని సంగతి ఒకటి చెప్పాను. కడుపునొప్పని ఒకావిడ నా దగ్గరికి రెండుసార్లు వచ్చింది. రెండుసార్లూ మందు రాసి పంపాను. తలుపు దాకా వెళ్ళి ఆగిందని తెలుసు. నేను అప్పటికే తర్వాతి పేషెంటు ఫైలు తెరిచాను. మూడోసారి ఆవిడ రాలేదు. ఇంట్లో ఆవిడ ఎలాంటి దెబ్బలు తింటోందో చాలాకాలం తర్వాత ఇంకో చోట విన్నాను. ఇదంతా చెప్పడానికి నాకు చాలాసేపు పట్టింది. ఆయన ఒక్కసారి కూడా కళ్ళు తిప్పలేదు. నేను ఆగాక కూడా ఇంకాస్త ఉన్నారు. అప్పుడు టియోచ్యూలో ఒక పొడుగాటి వాక్యం చెప్పి నా చెయ్యి తట్టారు. అదేమిటో నాకు తెలియదు. గ్రేస్‌ని అడగాలనీ అనిపించలేదు.

ఆ చలికాలమే, ఒక మంచు ఉదయం, నిద్రలోనే వెళ్ళిపోయారు.

ఇప్పుడు క్లినిక్‌లో నా అపాయింట్‌మెంట్లు ఆలస్యంగా నడుస్తాయి. రిసెప్షన్‌లో అమ్మాయి రోజూ గోల పెడుతుంది. పోయిన నెల ఒక లారీ డ్రైవరు బీపీ మాత్రల కోసం వచ్చాడు. ప్రిస్క్రిప్షన్ ఇచ్చేశాను, థాంక్స్ చెప్పి లేచాడు. తలుపు పిడి మీద చెయ్యి వేసి ఒక్క క్షణం నిలబడ్డాడు. నేను కీబోర్డు మీద నుంచి చేతులు తీసి ఒళ్ళో పెట్టుకున్నాను. ఇంకేమైనా ఉందా అని అడగలేదు. తల ఊపలేదు. బయట ఎవరిదో పసిబిడ్డ ఏడుస్తోంది, గడియారంలో నిమిషాలు పోతూనే ఉన్నాయి. అతను పిడి వదిలేసి, వెనక్కి వచ్చి, మళ్ళీ కూర్చున్నాడు.