నురగ ఆగేదాకా

నేను డ్రెస్సర్ని. సుక్మా జిల్లాలో, దోర్నపాల్ రోడ్డు నుంచి లోపలికి వెళ్తే వచ్చే ఒక చిన్న ఆస్పత్రిలో పుళ్లు కడిగి కట్లు కట్టడం నా పని. ఇక్కడివాళ్ల భాష డోర్లీలో అడుగుతాను, హిందీలో రిజిస్టరు రాస్తాను, ఎవరైనా కట్టు తడిపి తెస్తే తెలుగులో తిడతాను. నా కోపం సంగతి చుట్టుపక్కల ఊళ్లన్నిటికీ తెలుసు. మందు కన్నా ఆయన మాటలే ఎక్కువ మండుతాయని సంతలో ఆడవాళ్లు నవ్వుకుంటారట. ఆ మాట విని లోపల్లోపల మురిసిపోయిన రోజులున్నాయి. ఆ కోపం ఏం చేసిందో రాయకపోతే నాకు మనశ్శాంతి లేదు.

పుళ్లు కడగడానికి మేం వాడేది హైడ్రోజన్ పెరాక్సైడ్. మా దగ్గర దాన్ని ఎవరూ ఆ పేరుతో పిలవరు, నురగ మందు అంటారు. చూడ్డానికి నీళ్లలాగే ఉంటుంది. పుండు మీద పోస్తే బుసబుసా పొంగుతుంది. నాకు పని నేర్పిన ముసలి కంపౌండరు మొదటి రోజే చెప్పాడు. "నురగ వస్తుందంటే లోపల పురుగు సస్తుందన్నట్టు. నురగ ఆగేదాక పొయ్యి. ఆగితే సాఫైనట్టు." అంతే, ఇరవై ఏళ్లు అలాగే పోశాను. గొడ్డలి జారి తెగిన కాళ్లు, ఇప్పపూలు ఏరబోతే ఎలుగుబంటి చీరిన భుజాలు, ముల్లు దిగి చీము పట్టిన మడమలు. ఎంత నురగ వస్తే నాకు అంత ఉత్సాహం. పేషెంట్లకు కూడా చూపించేవాడిని, చూడు ఎట్లా చస్తున్నాయో అని. వాళ్లు నొప్పి మరిచిపోయి చూసేవాళ్లు.

ఇంట్లో ఉండేది నేనూ మా అక్కా. అక్క నాకన్నా పదేళ్లు పెద్దది. మా అమ్మ పోయాక నన్ను చంకనేసుకుని పెంచింది ఆమే. ఆమెను అటు తెలంగాణ వైపు ఊరికి ఇచ్చారు. అక్కడ ఆమెకు టీబీ వచ్చింది. అత్తగారి వాళ్లు ఒకరోజు ఆమెనూ ఆమె బట్టల మూటనూ మా వాకిట్లో దించి, మంచినీళ్లు కూడా తాగకుండా వెళ్లిపోయారు. మళ్లీ రాలేదు. మందులన్నీ పూర్తిగా మింగించాను, రోజూ నా చేత్తో. జబ్బు నయమైంది. కానీ ఎక్సరేలో కుడి ఊపిరితిత్తి పైభాగంలో గుడ్డంత ఖాళీ మిగిలింది. పుండు మానినా మచ్చ ఉన్నట్టేలే అనుకుని నేను దాన్ని మరిచిపోయాను.

నేను పెళ్లి చేసుకోలేదు. "నీ నోటికి జడిసి ఏ పిల్లొస్తదిరా" అని అక్క ఎగతాళి చేసేది. తమ్ముడి ఇంట్లో ఊరికే కూర్చుని తింటున్నానన్న మాట తనకు రాకూడదని వేసవి తెల్లవారుజాముల్లో ఇప్పపూలు ఏరేది. ఎండబెట్టి, వెదురు గంపల్లో ఆకులు పరిచి, తొక్కి నింపి, తను పడుకునే వెనక గదిలోనే పెట్టుకునేది. మా వైపు అందరూ అంతే. ఎలుకలు పడకుండా మనిషి పక్కనుండాలి. ఆ ఇంట్లో అక్కకు తనవంటూ ఉన్నవి ఆ గంపలే. వాటి జోలికి నన్ను కూడా రానిచ్చేది కాదు.

ఆ వెనక గదికి పడమటి గోడ మట్టిది. వానాకాలం వచ్చిందంటే అది కిందినుంచి పైదాకా నానుతుంది. ఓ ఏడాది వానలు మరీ విడవకుండా పట్టాయి. గోడ మీద మొదట బూడిద రంగులో, తర్వాత ఆకుపచ్చగా, నల్లగా బూజు పాకింది. గంపల్లో అడుగు పూలకు కూడా పట్టింది. అక్క రోజూ పైపూలు తీసి చాటలో చెరిగి, బూజు పట్టినవి ఏరిపారేసేది. చెరిగినప్పుడల్లా సన్నటి పొడి లేచేది. ఆమె కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకునేది.

నాకేమో నేనే డాక్టరుననే ధీమా. దోర్నపాల్ మందుల షాపులో నురగ మందు సీసా కొని తెచ్చి, పిచికారీలో పోసి గోడ మీద కొట్టాను. గోడంతా తెల్లగా పొంగింది! అక్క గుమ్మంలో నిలబడి చూసి చప్పట్లు కొట్టింది.

"అబ్బో, పాలు పొంగినట్టే ఉందిగదరా. సచ్చినట్టేనా తమ్మీ?"

"చావక? ఇరవై ఏళ్ల సర్వీసు నాది" అన్నాను.

ఆదివారం ఆదివారం కొట్టడం అలవాటైంది. మందు తగిలి నా వేళ్లు తెల్లబడి చురచురలాడేవి. అందుకని సగం నీళ్లు కలిపాను. అప్పుడూ నురగ వచ్చింది. ఇంకాస్త కలిపాను. అప్పుడూ వచ్చింది. నురగే నా కొలత. నురగ వస్తోందంటే మందు పనిచేస్తోందనేగా మాకు నేర్పింది! పైగా వారం వారం నురగ తగ్గకపోగా పెరిగింది. మూడు వంతులు నీళ్లున్న మందుకే మొదటిసారి కన్నా ఎక్కువ పొంగేసరికి నాకు పట్టరాని సంతోషం. మందు గోడలోకి బాగా దిగుతోందనుకున్నాను. ఎంత వెధవనో ఇప్పుడు రాస్తుంటే తెలుస్తోంది.

ఆ వానల్లోనే ఒకరోజు ఆస్పత్రి నుంచి వచ్చేసరికి అక్క చాప వసారాలో ఉంది.

"ఏంది, ఇక్కడ పండుకున్నవ్?" అన్నాను.

"అర్రల ఊపిరాడ్తలేదురా. గోడ వాసన. పొద్దుగాల లేస్తే గొంతుల ఏదో కూసున్నట్టుంటది. వానలు తగ్గేదాక ఈడనే ఉంట."

నాకు నెత్తికెక్కింది. ఆ రోజు ఆస్పత్రిలో ఎవరితోనో గొడవ కూడా అయినట్టుంది, గుర్తులేదు. వసారాలో జల్లు కొడుతుంది, చలి తగిలితే ఆమె ఊపిరితిత్తులకు మంచిది కాదు, అది నిజమే. కానీ నేను అరిచింది అందుకు కాదు. నేను మందు కొట్టిన గదిలో ఊపిరాడలేదని ఆమె అన్నందుకు అరిచాను.

"వారం వారం నేను చేతులు కాల్చుకుని మందు కొడుతుంటే నీకు లెక్కలేదా? చచ్చిన బూజు నిన్నేం చేస్తది? నాకన్నా నీకెక్కువ తెలుసా? లే, లోపల పండుకో!"

అక్క లేచింది. చాప చుట్టుకుని లోపలికి వెళ్లింది. ఆ వానాకాలమంతా ఆ చాప మళ్లీ వసారాలోకి రాలేదు. అక్కకు కోపం వచ్చిందేమోనని నాకు అనిపించలేదు కూడా. ఆకలేసి అన్నం పెట్టమన్నాను.

చలికాలంలో ఆమె దగ్గులో నెత్తురు పడింది. మొదట దారపు పోగంత. తర్వాత గుక్కెడు. మా ఆస్పత్రికే తీసుకెళ్లాను. కళ్లె పరీక్షలో ఏమీ దొరక్కపోయినా, పాత జబ్బు తిరగబెట్టి ఉంటుందని మళ్లీ టీబీ మందులు రాశారు. మళ్లీ నెలల తరబడి నా చేత్తోనే మింగించాను. అక్క చిక్కిపోయింది. "ఇదేం మందురా, మనిషినే తింటంది" అనేది. మళ్లీ వానలొచ్చాయి, మళ్లీ గోడ మీద బూజొచ్చింది, నేను మళ్లీ పిచికారీ పట్టుకున్నాను. ఆ ఏడాది వచ్చినంత నురగ నేనెప్పుడూ చూడలేదు.

నెత్తురు ఆగకపోయేసరికి జగదల్‌పూర్ తీసుకెళ్లాను. స్కానింగ్ తీశాక అక్కడి డాక్టరమ్మ నన్నొక్కడినే లోపలికి పిలిచింది. ఆంధ్ర వైపు మనిషి, నా మాట వినగానే తెలుగులోకి మారింది. ఫిల్ము లైటుకు పెట్టి చూపించింది. పాత ఖాళీ ఇప్పుడు ఖాళీగా లేదు. అందులో గుండ్రంగా ఒక ఉండ ఉంది.

"టీబీ కాదండీ. బూజు ఇది. గాలిలో వచ్చిన బూజు గింజలు పాత గోతిలో దిగి మొలిచాయి. ఉండలా అల్లుకుపోయాయి."

 ఏ బూజు అన్నాను. గోడల మీదా, గింజల మీదా, కుళ్లిన ఆకుల మీదా వచ్చేదే అంది. గోడ గురించి చెప్పాను. నురగ మందు కొట్టానని, బాగా నురగ వచ్చేదని గట్టిగా చెప్పాను. నా తప్పేం లేదని ఆమె అనాలని నా ఆశ. ఆమె ఫిల్ము తీసి పక్కన పెట్టింది.

తర్వాత ఓపిగ్గా చెప్పింది. ఆ మందు మన ఒంట్లోనూ తయారవుతుందట. నెత్తుటిలో తెల్లకణాలు బూజును చుట్టుముట్టి దాని మీద చిమ్ముతాయట. ఇనుముకు తుప్పు పట్టినట్టు బూజు లోపలి పొరలూ, ప్రొటీన్లూ, డీఎన్‌ఏ కూడా పాడవుతాయి. దాన్నే ఆక్సీకరణ ఒత్తిడి అంటారు. తగినంత గట్టిగా తగిలితే చస్తుంది. కానీ బూజు ఊరుకోదు. దాని దగ్గర ఒక ఎంజైము ఉంటుంది, మన నెత్తుటిలోనూ ఉండేదే. మందును నీళ్లుగా, ఆక్సిజన్‌గా విరగ్గొడుతుంది.

"ఆ ఆక్సిజనే బుడగలు. నురగంటే అదే. బూజు చస్తోందని కాదండీ, మీ మందు విరుగుతోందని. పలచగా, తరచుగా కొడితే బూజు ఆ ఎంజైమును ఇంకా తయారుచేసుకుంటుంది. తట్టుకోవడం నేర్చుకుంటుంది."

"అంటే... నురగ పెరిగిందంటే?"

"అది గట్టిపడిందనే అనుకోవాలి. గోడలోపలి బూజు వేళ్లకు మీ మందు అంది కూడా ఉండదు."

మా ఇంటి గోడ నుంచే అక్కలోకి వెళ్లిందా అని అడిగాను. చెప్పలేమండీ, అది ఎక్కడి గాలిలోనైనా ఉంటుంది అంది. మంచి మనిషి. కానీ నాకు తెలుసు. ఆమె వసారాలో ఎందుకు పడుకుందో, ఎవరు లోపలికి తోలారో డాక్టరమ్మకు తెలియదు, నాకు తెలుసు.

ఆపరేషన్ చేసి ఆ భాగం తీసెయ్యాలి, కానీ రెండో ఊపిరితిత్తి కూడా బలహీనంగా ఉంది, తట్టుకోదన్నారు. బూజుకు మాత్రలు రాసిచ్చారు. ఒక్కసారిగా ఎక్కువ నెత్తురు పడితే ప్రమాదమని నాతో విడిగా చెప్పారు.

ఇంటికి రాగానే అక్కకు ముందు గదిలో మంచం వేశాను. వెనక గదిలో గంపలన్నీ బయటికి లాగి వానలో గుమ్మరించాను. అక్క గోడ పట్టుకుని వచ్చి చూసి, "నా పూలు... నా పూలురా" అని ఏడ్చింది. అప్పుడూ అరిచాను నేను! పూలు ముఖ్యమా ప్రాణం ముఖ్యమా అని. అరిచి, వానలోనే కూలబడి నేనూ ఏడ్చాను. ఆమె వచ్చి కొంగుతో నా తల తుడిచింది.

నెల తర్వాత ఒక మధ్యాహ్నం. ఎండ కాసింది. అక్క గోడకు ఆనుకుని కూర్చుని గంజి తాగుతోంది. ఆ రోజు ధైర్యం చేసి అంతా చెప్పాను. నురగంటే ఏమిటో, నేను కొలిచిన కొలత ఎంత తప్పో చెప్పాను. నువ్వు వసారాలోనే ఉండాల్సింది, నేనే లోపలికి తోలాను అన్నాను. 

అక్క గంజి గిన్నె కింద పెట్టింది.

"నాకెరికేరా. వాసన ఎప్పుడూ పోలే. నువ్వు కొట్టిన తెల్లారి ఇంకింత వచ్చేది."

"మరి చెప్పలేదేంది అక్కా?"

"చెప్తె నీకు కోపమొస్తది గదా" అంది, చాలా మామూలుగా. "ఆదివారం పూట నువ్వెంత సంబరంగ కొట్టేటోనివి. ఎందుకులే అనుకున్న."

అన్నేళ్లలో మా అక్క నా మీద చేసిన ఫిర్యాదు అదొక్కటే. అది కూడా ఫిర్యాదులా అనలేదు.

ఆ తర్వాత నాలుగో రోజు, అదే చోట, దగ్గు మొదలై నోటి నిండా నెత్తురొచ్చింది. ఎన్నో నెత్తుళ్లు ఆపిన చేతులివి. ఎక్కడ ఒత్తాలి? ఎక్కడ కట్టు కట్టాలి? పక్కకు తిప్పి పట్టుకున్నాను. నా చొక్కా గుప్పిట్లో బిగించి పట్టుకుంది. ఆస్పత్రి బండి వచ్చేలోపే ఆ పట్టు వదిలేసింది.

ఊరివాళ్లు ఆమెను వాకిట్లోకి మార్చారు. నన్ను లోపలే కాసేపు వదిలేశారు. నేల మీద నెత్తురుంది. చెయ్యి అలవాటు కొద్దీ గోడకున్న తాకు మీదికి పోయి నురగ మందు సీసా తీసింది. ఈసారి నీళ్లు కలపలేదు. పోశాను. నెత్తురు మీద నురగ లేచింది, తెల్లగా, ఎత్తుగా. ఇరవై ఏళ్లుగా నేను ఎన్నిసార్లు చూసి సంబరపడ్డానో అదే నురగ.

కంపౌండరు నేర్పినట్టే ఆగేదాకా కూర్చున్నాను. వాకిట్లోంచి ఎవరో పిలిచారు. లేచి బయటికి వచ్చాను. వసారాలో ఆమె చాప చుట్టి గోడకు నిలబెట్టి ఉంది. ఎవరు తెచ్చి పెట్టారో తెలియదు.

ఇప్పుడు ఆ చాప మీద వసారాలో నేను పడుకుంటాను. జల్లు కొడుతుంది. అంత చలిగా ఏమీ ఉండదు.